హీరాలాల్ సేన్: కాలిపోయిన రీళ్ల కథ



హౌరా స్టేషన్‌లో రైలు దిగి బయటికి రాగానే చాలామంది ఒక పని చేస్తారు. జేబులోంచి ఫోన్ తీసి ఎదురుగా ఉన్న వంతెననూ, కింద నదినీ, అటూ ఇటూ తిరిగే ఫెర్రీలనూ వీడియో తీస్తారు. అర నిమిషం తీసి ఊళ్లో ఉన్న అమ్మమ్మకో తాతయ్యకో పంపిస్తారు. అందులో వింతేమీ లేదు, మీరూ చేసే ఉంటారు.

1911 డిసెంబరు నెలాఖరున, ఢిల్లీ దర్బారు తరవాత, ఐదో జార్జి చక్రవర్తి కలకత్తా వచ్చారు. మనం ఇప్పుడు చూస్తున్న ఉక్కు వంతెన అప్పటికి లేదు. అది 1943లో వచ్చింది. అంతకుముందు 1874లో కట్టిన తేలే వంతెన ఉండేది. ఇప్పటి ఎర్ర ఇటుకల స్టేషన్ భవనం మాత్రం అప్పటికే ఉంది. ఆ రాజుగారి రాకను కదిలే బొమ్మలుగా పట్టినవాళ్లలో ఒక బెంగాలీ ఉన్నారు. 1912లో ఆయన చూపించిన ఆ చిత్రం పేరు చాలా పొడవు. ఢిల్లీ దర్బారు, హౌరాలో దిగడం, ప్రిన్సెప్ ఘాట్, బొంబాయి ప్రయాణం, అన్నీ ఆ పేరులోనే చెప్పేశారు. ఇప్పుడు ఆ పేరు మాత్రమే మిగిలింది. చిత్రం లేదు. ఆయన తీసిన మరే చిత్రమూ లేదు.

ఆయన పేరు హీరాలాల్ సేన్. మన దేశంలో కదిలే బొమ్మలు తీసిన తొలి కొద్దిమందిలో ఒకరు.

హీరాలాల్ ఢాకా దగ్గర మాణిక్‌గంజ్ ప్రాంతంలోని బగ్‌జురి అనే పల్లెలో పుట్టారు. ఆ ఊరు ఇప్పుడు బంగ్లాదేశ్‌లో ఉంది. పుట్టిన సంవత్సరం 1866 అని కొన్ని పుస్తకాల్లో, 1868 అని మరికొన్నింటిలో ఉంటుంది. తండ్రి చంద్రమోహన్ సేన్ వకీలు. తల్లి విధుముఖీ దేవి. కలిగిన కుటుంబం. హీరాలాల్ చదువు మాణిక్‌గంజ్‌లో మొదలై, ఢాకా మీదుగా కలకత్తా చేరింది. మూడు ఊళ్లు, మూడు బడులు, ప్రతిచోటా కొత్త స్నేహితులు. మీ మార్కుల కార్డుల మీద ఉన్న ఊళ్ల పేర్లు లెక్కపెట్టుకుంటే ఈ సంగతి మీకు వేరే చెప్పనక్కరలేదు.

అదే బగ్‌జురిలో, అదే బంధువర్గంలో, ఇంచుమించు అదే కాలంలో మరో పిల్లవాడు పుట్టాడు. అతని పేరు దినేశ్ చంద్ర సేన్. పెద్దయ్యాక ఆయన బెంగాలీ సాహిత్య చరిత్ర రాసి గొప్ప పండితుడిగా పేరు పొందారు. ఈ ఇద్దరి పేర్లూ గుర్తుపెట్టుకోండి. మళ్లీ దినేశ్ చంద్ర దగ్గరికి వద్దాం.

కలకత్తాలో హీరాలాల్‌కు ఫోటోల మీద మనసు పడింది. ఆ రోజుల్లో ఫోటో అంటే మూడు కాళ్ల పీట మీద పెట్టెలాంటి కెమెరా, గాజు పలకలు, చీకటిగది, రసాయనాలు. ఒక్క బొమ్మకు ఎంతో ఓపిక కావాలి. ఆ నగరంలో బోర్న్ అండ్ షెపర్డ్ అనే పేరున్న స్టూడియో ఉండేది. అది పెట్టిన పోటీల్లో హీరాలాల్ బహుమతులు గెలుచుకున్నారు. కదలని బొమ్మలో వెలుగునూ నీడనూ ఎలా అమర్చాలో ముందు అక్కడే చెయ్యి తిరిగింది.

ఇంతలో ప్రపంచంలో ఒక కొత్త వింత పుట్టింది. 1895 డిసెంబరు 28న పారిస్‌లో లూమియేర్ సోదరులు డబ్బు తీసుకుని జనానికి కదిలే బొమ్మలు చూపించారు. 1896 జులై 7న ఆ వింత బొంబాయిలోని వాట్సన్ హోటల్‌కు వచ్చింది. అక్కడినుంచి కలకత్తా చేరడానికి ఎక్కువ కాలం పట్టలేదు. 1898లో స్టీవెన్‌సన్ అనే ప్రదర్శకుడు కలకత్తా స్టార్ థియేటర్‌లో కదిలే బొమ్మలు చూపించారు. అదే వేదిక మీద ‘ది ఫ్లవర్ ఆఫ్ పర్షియా’ అనే సంగీత నాటకం కూడా ఆడుతోంది. హీరాలాల్ ఆ యంత్రాన్ని చూసి ఊరుకోలేదు. స్టీవెన్‌సన్ దగ్గరే కెమెరా తీసుకుని, ఆ నాటకంలోని నాట్య దృశ్యాన్ని చిత్రించారు. అదే ఆయన తొలి చిత్రం.

ఆ తరవాత తమ్ముడు మోతీలాల్‌తో కలిసి లండన్‌లోని వార్విక్ ట్రేడింగ్ కంపెనీ నుంచి బయోస్కోప్ యంత్రం తెప్పించుకున్నారు. అన్నదమ్ములిద్దరూ రాయల్ బయోస్కోప్ కంపెనీ పెట్టారు. వేరే దేశం నుంచి వచ్చి బొమ్మలు చూపించి వెళ్లిపోయేవాళ్ల మధ్య, ఇక్కడివాళ్లు నడిపే కంపెనీ ఒకటి నిలబడింది.

ఇప్పుడు ఫోన్‌లో ఒక బటన్ నొక్కితే పనైపోతుంది కాబట్టి, అప్పటి పని ఎలా ఉండేదో కాస్త చెప్పుకుందాం. కెమెరాలో 35 మిల్లీమీటర్ల వెడల్పున్న ఫిల్ము చుట్ట ఉంటుంది. దాని రెండు అంచుల్లో వరసగా రంధ్రాలుంటాయి. పక్కనున్న పిడిని చేత్తో తిప్పుతుంటే ఆ రంధ్రాల్లో పళ్లు పడి ఫిల్ము ముందుకు జరుగుతుంది. సెకనుకు సుమారు 16 బొమ్మలు పడాలి. చెయ్యి నెమ్మదిస్తే తెర మీద మనుషులు పరుగులు పెడతారు, తొందరపడితే నత్తల్లా నడుస్తారు. ఒక అడుగు ఫిల్ములో 16 బొమ్మలు పడతాయి. అంటే 50 అడుగుల చుట్ట తిప్పితే వచ్చేది 50 సెకన్ల చిత్రం. ఇప్పుడు మీరు పెట్టే స్టేటస్ వీడియో అంత, లేదా అంతకన్నా కాస్త ఎక్కువ.

తీసిన చిత్రాన్ని చూపించడం ఇంకో కష్టం. కలకత్తాలో కరెంటు సరఫరా మొదలైందే 1899లో. అదీ నగరంలో కొన్నిచోట్లే. పల్లెటూళ్లలో, జమీందార్ల ఇళ్లలో ఆట వేయాలంటే వెలుగు ఎక్కడినుంచి వస్తుంది? దానికి సున్నపు దీపం వాడేవారు. మండే వాయువును ఆక్సిజన్‌తో కలిపి వెలిగించి, ఆ మంటను సున్నపు ముద్ద మీదికి వదిలితే, సున్నం తెల్లగా కళ్లు చెదిరేలా వెలుగుతుంది. దాన్నే లైమ్‌లైట్ అన్నారు. ఇందులో లైమ్ అంటే నిమ్మకాయ అనుకునేరు, సున్నం! నలుగురి కళ్లలో పడ్డవాణ్ని లైమ్‌లైట్‌లో ఉన్నాడని ఈ రోజుకీ అంటున్నాం కదా, ఆ మాట ఈ దీపం నుంచే వచ్చింది. వాయువులతో, మంటతో ఆడే పని కనుక సైన్సు తెలియకపోతే ప్రాణాలకే ముప్పు. సెయింట్ జేవియర్స్ కాలేజీలో సైన్సు బోధించిన ఫాదర్ లాఫోఁ సలహా హీరాలాల్‌కు ఈ విషయంలో అందింది. జగదీశ్ చంద్ర బోస్‌కు గురువైన లాఫోఁ ఈయనే.

హీరాలాల్ ఏం తీశారు? మొదట వీధులు, స్నానఘట్టాలు, పూజలు, ఉత్సవాలు. తరవాత నాటకాలు. అప్పట్లో కలకత్తాలో అమరేంద్రనాథ్ దత్తా నడిపే క్లాసిక్ థియేటర్‌కు పెద్ద పేరు. అక్కడ ఆడే నాటకాల్లోని దృశ్యాలను హీరాలాల్ చిత్రించి, నాటకం మధ్య విరామంలోనూ, చివర్లోనూ అదే థియేటర్‌లో తెర మీద చూపించేవారు. భ్రమర్, హరిరాజ్, బుద్ధదేవ్ అలా వచ్చినవే. కాసేపటి కిందట ఎదురుగా నిలబడి మాట్లాడిన నటుడే ఇప్పుడు మాట లేకుండా, రంగు లేకుండా, తెల్లగుడ్డ మీద కదులుతుంటే ఆ జనం ఎంత ఆశ్చర్యపోయి ఉంటారో ఊహించుకోండి.

వీటిలో అన్నిటికన్నా ఎక్కువ చర్చ జరిగింది ‘ఆలీబాబా’ మీద. క్షీరోద్ ప్రసాద్ విద్యావినోద్ రాసిన నాటకం అది. క్లాసిక్ థియేటర్‌లో బాగా ఆడింది. దాన్ని 1903 ప్రాంతంలో హీరాలాల్ చిత్రించారు. కొన్ని దృశ్యాలే తీశారని కొందరు, నాటకం మొత్తం తీశారని కొందరు అంటారు. మొత్తం తీసి ఉంటే, మన దేశపు తొలి పూర్తినిడివి కథాచిత్రం అన్న పేరు 1913 నాటి దాదాసాహెబ్ ఫాల్కే చిత్రం ‘రాజా హరిశ్చంద్ర’కు దక్కేదా, దీనికి దక్కేదా అన్న ప్రశ్న వస్తుంది. తీర్పు చెప్పడానికి ఫిల్ము కావాలి. అది లేదు. అందుకే క్విజ్ పోటీల్లో మీరు చెప్పే జవాబు ఫాల్కే గారే. ఆ జవాబులో తప్పేమీ లేదు. సాక్ష్యం మిగుల్చుకున్నవాళ్లకే చరిత్రలో స్థానం స్థిరంగా ఉంటుందని మాత్రం దీనివల్ల తెలుస్తుంది.

మన దేశంలో ప్రకటన చిత్రాలు తీసిన తొలివ్యక్తిగా కూడా హీరాలాల్‌ను చెబుతారు. జవాకుసుమ్ తలనూనె కోసం ఒకటి, బటకృష్ణ పాల్ కంపెనీ వారి ఎడ్వర్డ్స్ టానిక్ కోసం ఒకటి తీశారు. జవాకుసుమ్ అంటే మన జపాకుసుమమే, మందారపువ్వు. టానిక్ మలేరియా జ్వరానికి మందు. ఈ రోజు మ్యాచ్ మధ్యలో వచ్చే ప్రకటనలకు తాతముత్తాతలు అవే అనుకోవచ్చు.

ఇక 1905. లార్డ్ కర్జన్ బెంగాల్‌ను రెండు ముక్కలు చేయాలని నిర్ణయించారు. హీరాలాల్ పుట్టిన ఊరు ఒక ముక్కలోకి, ఆయన బతుకుతున్న నగరం మరో ముక్కలోకి పోతాయి. ఊరంతా భగ్గుమంది. విదేశీ వస్తువులు కొనమని ప్రతిజ్ఞలు పట్టారు. 1905 సెప్టెంబరు 22న కలకత్తా టౌన్‌హాల్ దగ్గర జరిగిన విభజన వ్యతిరేక సభనూ, స్వదేశీ ఉద్యమ దృశ్యాలనూ హీరాలాల్ చిత్రించారు. దీన్ని మన దేశపు తొలి రాజకీయ చిత్రంగా చాలామంది లెక్కిస్తారు. మీరు అటువైపు వెళ్తే హైకోర్టు దగ్గర బారులు తీరిన లావు స్తంభాలతో ఆ టౌన్‌హాల్ ఇప్పటికీ కనిపిస్తుంది.

ఈ ఉద్యమపు వేడి మన గోదావరి, కృష్ణా తీరాలకూ తాకింది. 1907లో బిపిన్ చంద్ర పాల్ రాజమండ్రికీ, మచిలీపట్నానికీ వచ్చి ఉపన్యాసాలిచ్చారు. రాజమండ్రి విద్యార్థులు వందేమాతరం అన్నందుకు కాలేజీ నుంచి గెంటివేతకు గురయ్యారు. గాడిచర్ల హరిసర్వోత్తమరావు గారు వాళ్లలో ఒకరు. పాల్ గారు వెళ్లిన మచిలీపట్నంలోనే 1869లో రఘుపతి వెంకయ్య పుట్టారు. తెలుగు సినిమా పితామహుడు అని మనం చెప్పుకునే వెంకయ్య గారు, హీరాలాల్ ఇంచుమించు ఒకే ఈడువాళ్లు. ఇద్దరూ ఫోటోలు తీస్తూ మొదలై కదిలే బొమ్మల్లోకి వచ్చారు. వెంకయ్య గారు మద్రాసులో ఫోటో స్టూడియో నడిపారు, 1910లో క్రోనోమెగాఫోన్ అనే యంత్రం తెప్పించి ఊరూరా ఆటలు వేశారు. 1921లో ఆయన కుమారుడు ప్రకాశ్ తీసిన ‘భీష్మ ప్రతిజ్ఞ’ తొలి తెలుగు మూకీ చిత్రం. అదీ ఇప్పుడు దొరకదు.

మళ్లీ కలకత్తాకు వద్దాం. 1911 డిసెంబరు 12న ఢిల్లీ దర్బారులో రాజుగారు రెండు సంగతులు ప్రకటించారు. ఒకటి, బెంగాల్ విభజన రద్దు. రెండోది, రాజధాని కలకత్తా నుంచి ఢిల్లీకి మార్పు. అంటే దేశప్రభుత్వం మొత్తానికి ఒకేసారి ట్రాన్స్‌ఫర్ ఆర్డర్ వచ్చిందన్నమాట! ఫైళ్లు సర్దుకుని, సామాను కట్టుకుని, పిల్లల్ని వెంటబెట్టుకుని ఎన్నో బెంగాలీ గుమాస్తా కుటుంబాలు ఢిల్లీకి కదిలాయి. రాజుగారి రాక చిత్రం తీస్తున్నప్పుడు హీరాలాల్ చుట్టూ ఉన్న నగరం అలాంటి మార్పు మధ్యలో ఉంది.

ఆయన బతుకూ అప్పుడే తిరగబడింది. బయోస్కోప్ వ్యాపారంలోకి పెద్ద పెట్టుబడితో జె. ఎఫ్. మదన్ వచ్చారు. ఆయన 1902లో మైదానంలో డేరా వేసి ఆటలు మొదలుపెట్టి, 1907లో ఎల్ఫిన్‌స్టన్ పిక్చర్ ప్యాలెస్ అనే శాశ్వత సినిమా హాలు కట్టారు. మదన్‌కు వ్యాపారం తెలుసు. హీరాలాల్‌కు కెమెరా తెలుసు. పోటీలో రాయల్ బయోస్కోప్ వెనకబడింది. అన్నదమ్ముల మధ్య కూడా పొరపొచ్చాలు వచ్చాయి. 1913 నాటికి కంపెనీ పని ఆగిపోయింది. చివరి ఏళ్లలో హీరాలాల్‌ను అప్పులు, జబ్బు కలిసి కుంగదీశాయి. చేతిలో కెమెరాలు కూడా మిగలలేదు.

అయినా ఒకటి మిగిలింది, ఇన్నేళ్లు తీసిన రీళ్లు. అవి గోదాములో భద్రంగా ఉన్నాయి.

1917 అక్టోబరులో ఆ గోదాముకు నిప్పంటుకుంది.

అప్పటి ఫిల్మును సెల్యులోజ్ నైట్రేట్‌తో చేసేవారు. అది చాలా సులువుగా అంటుకుంటుంది. ఒకసారి అంటుకుంటే మండడానికి కావలసిన ఆక్సిజన్ దానిలోంచే వస్తుంది. అందువల్ల నీళ్లు పోసినా ఆరదు. రాయల్ బయోస్కోప్ చిత్రాలన్నీ ఆ మంటలో పోయాయి. వీధులు, ఘట్టాలు, నాటకాలు, ఆలీబాబా, టౌన్‌హాల్ సభ, హౌరాలో రాజుగారు, అన్నీ. కొద్దిరోజులకే, ఆ నెల చివర్లో, హీరాలాల్ కన్నుమూశారు.

ఆయన బహుమతులు గెలిచిన బోర్న్ అండ్ షెపర్డ్ స్టూడియోను కూడా 1991లో అగ్ని పట్టుకుంది. పాత నెగెటివ్‌లు చాలా కాలిపోయాయి. 2016లో ఆ స్టూడియో మూతపడింది. మన దేశంలో తీసిన మూకీ చిత్రాలు వెయ్యికి పైనే ఉంటే, ఈ రోజు చూడగలిగేవి చాలా కొద్ది. మంటల్లో కొన్ని పోయాయి, చెమ్మకు కొన్ని పాడయ్యాయి, వెండి కోసం కరిగించి కొన్నిటిని చేతులారా పోగొట్టుకున్నారు. పుణెలో జాతీయ ఫిల్ము భాండాగారం పెట్టింది 1964లో. అప్పటికి హీరాలాల్ పోయి 47 ఏళ్లు.

మరి ఒక్క చిత్రమూ లేకుండా ఇన్ని సంగతులు మనకెలా తెలుస్తున్నాయి? కాగితాల వల్ల. థియేటర్ వాళ్లు పత్రికల్లో వేయించిన ప్రకటనలు, పంచిన కరపత్రాలు, తరవాతివాళ్లు రాసుకున్న జ్ఞాపకాలు. ఏ రోజు, ఏ థియేటర్‌లో, ఏ చిత్రం అన్నది వాటిలో ఉంది. ఆలోచిస్తే చిత్రమైన సంగతి. ఎంతో కష్టపడి పట్టుకున్న కదలిక మాయమైంది, దాని గురించి ఎవరో రెండు వరసల్లో వేసిన ప్రకటన నిలిచింది.

ఇక్కడే దినేశ్ చంద్ర సేన్ దగ్గరికి రావాలి. ఆయన కలకత్తా విశ్వవిద్యాలయంలో పనిచేస్తూ తూర్పు బెంగాల్ పల్లెల్లో జనం నోటి మీద ఉన్న పాటకథలను సేకరింపజేశారు. చంద్రకుమార్ దే వంటివాళ్లు ఊరూరా తిరిగి, పాడేవాళ్ల దగ్గర కూర్చుని రాసుకొచ్చారు. దినేశ్ చంద్ర వాటిని సరిచూసి 1923లో ‘మైమన్‌సింగ్ గీతిక’ పేరుతో అచ్చువేయించారు. పాడేవాళ్లు పోతే పాట పోతుందన్న భయంతో చేసిన పని అది. పాడినవాళ్లు పోయారు, పాటలు ఉన్నాయి. ఒకే ఊళ్లో పుట్టిన ఇద్దరు బంధువుల్లో ఒకరు గాలిలో కలిసిపోయే మాటను కాగితం మీద పెట్టి నిలబెట్టారు. రెండోవారు కళ్లముందు జారిపోయే క్షణాన్ని ఫిల్ము మీద పట్టారు గాని నిలబెట్టే వీలు ఆయనకు దొరకలేదు. ఎవరు గొప్ప అని అడగకండి. పట్టుకోవడం ఒక పని, దాచిపెట్టడం మరో పని. రెండూ చేయాలి.

హీరాలాల్‌ను బెంగాల్ పూర్తిగా మరిచిపోలేదు. 2021లో ఆయన జీవితం మీద ‘హీరాలాల్’ అనే బెంగాలీ సినిమా వచ్చింది. దర్శకుడు అరుణ్ రాయ్. ఎవరి సినిమాలూ మిగలలేదో ఆయన మీదే ఇప్పుడు సినిమా ఉంది.

ఇదంతా మీకెందుకు చెబుతున్నానంటే, మనది పెట్టెలు సర్దుకునే బతుకు. నేను ఇప్పటికి ఎన్నో పోస్టింగులు మారాను. మీలోనూ మూడోసారి, నాలుగోసారి బడి మారినవాళ్లున్నారు. ప్రతి ఊరికీ ఫ్రిజ్జు వస్తుంది, మంచాలు వస్తాయి, గ్యాస్ కనెక్షన్ మారుతుంది. ఆ ఊరి బడి గేటు, పక్కింటి ఆంటీ, సాయంత్రం ఆడుకున్న క్వార్టర్స్ వెనక మైదానం మాత్రం అక్కడే ఉండిపోతాయి. వాటిని మీరు వీడియోలు తీసే ఉంటారు. అవి ఏ పాత ఫోన్‌లోనో ఉంటాయి. ఆ ఫోన్ పాడైతే అవీ పోతాయి. ఫోన్ బాగానే ఉన్నా, పదేళ్ల తరవాత చూస్తే అందులో చెయ్యి ఊపుతున్న పిల్లవాడి పేరేమిటో గుర్తుకురాదు.

అందుకని ఒక చిన్న పని అప్పగిస్తున్నాను. మీరు ఇంతకుముందు ఉన్న ఊళ్లో తీసిన వీడియో ఒకటి వెతకండి. దాన్ని ఇంకో చోట కూడా దాచమని ఇంట్లో పెద్దవాళ్లను అడగండి. తరవాత ఒక కాగితం మీద తెలుగులో నాలుగు వరసలు రాయండి. ఏ ఊరు, ఏ సంవత్సరం, అందులో ఎవరెవరున్నారు, అప్పుడు ఏం జరుగుతోంది. తప్పులుంటే నేను దిద్దుతాను. వచ్చే నెల మన గోడపత్రికలో ఆ కాగితాలు పెడదాం. వీడియో చూడనివాళ్లకు కూడా మీ పాత ఊరు కాస్త కనిపిస్తుంది.